మాటలేని చిత్రమున పాపము, పశ్చాత్తాపము
('ఫౌస్టు' చలనచిత్రముపై ఒక పాఠము)



ఈ సంవత్సరము పై తరగతులవారికి మన ప్రార్థనమందిరమున తెల్లని వస్త్రముపై ఒక మూగచిత్రమును చూపితిమి. మాటలు లేవు, సంగీతము మాత్రము వినవచ్చుచుండెను. మొదట మీలో కొందరు నవ్విరి. పావుగంట గడచునప్పటికి నవ్వు నిలిచిపోయెను. ముగింపున దీపములు వెలిగించినప్పుడు చాలసేపు ఎవరును బల్లలమీదనుండి లేవలేదు. మరునాడు ఒక చిన్నవాడు మాకడకు వచ్చి, "అయ్యా, అంత పాపము చేసినవానిని చివరకు దేవదూత ఎందుకు విడిపించెను? ఇది న్యాయమా?" అని యడిగెను. ఆ ప్రశ్నకు తరగతిలో చెప్పిన సమాధానము మాకే తృప్తిని గలిగింపలేదు. కావున ఆ చిత్రమును మరల నెమ్మదిగా పరిశీలించి ఈ పాఠమును వ్రాయుచున్నాము.

1. కథ ఎక్కడిది?

ఆ చిత్రము పేరు 'ఫౌస్టు'. ఇది జర్మనీ దేశమున 1926వ సంవత్సరమున బెర్లిను నగరములో మొదట ప్రదర్శింపబడెను. తీసిన సంస్థ యూఫా, దర్శకుడు ఎఫ్. డబ్ల్యు. ముర్నౌ.

ఫౌస్టు అనునది కేవలము కల్పితనామము కాదు. పదునారవ శతాబ్దపు ఆరంభమున జర్మనీలో ఆ పేరుగల జ్యోతిష్కుడును, మాంత్రికుడును అగు నొకడు ఊరూర తిరిగినట్లు ఆనాటి వ్రాతలవలన తెలియుచున్నది. అతడు చనిపోయిన పిమ్మట, సాతానుతో ఒడంబడిక చేసికొనెనను వదంతి వ్యాపించెను. 1587లో ఫ్రాంక్‌ఫర్టు పట్టణమున ఆ వదంతులను కూర్చి ఒక పుస్తకము అచ్చువేసిరి. దానిని ఆధారము చేసికొని ఇంగ్లండులో మార్లో నాటకము వ్రాసెను. తరువాత జర్మను మహాకవి గేటే తన జీవితమున అధికభాగము ఈ కథపై పనిచేసెను. ఆయన నాటకపు మొదటిభాగము 1808లోను, రెండవభాగము ఆయన మరణించిన 1832లోను వెలువడెను. పాత పుస్తకములో ఫౌస్టు నరకమునకు పోవును. గేటే నాటకములో రక్షింపబడును. ఒకే కథకు రెండు ముగింపులు కలుగుటయే మన చిన్నవాని ప్రశ్నకు మొదలు. పాపికి తుదిగతి యేమి యని రెండువందల యేండ్లకు పైగా యూరపు ఖండమువారు తమలో తాము వాదించుకొనిరి.

ముర్నౌ తన చిత్రమునకు 'ఒక జర్మను జానపదకథ' అని ఉపశీర్షిక నుంచెను. గేటే గ్రంథమును మాత్రమే అనుసరింపక, పాత జానపదకథను, మార్లో నాటకమును గూడ ఆధారము చేసికొని హాన్స్ క్యూజర్ అనునతడు కథాక్రమమును సిద్ధపరచెను.

2. తీసినవారు

ముర్నౌ 1888లో జర్మనీలోని బీలెఫెల్డు పట్టణమున పుట్టెను. మొదటి ప్రపంచయుద్ధమున విమానదళములో పనిచేసెను. 'నోస్ఫెరాటు' (1922), 'చివరి మనుష్యుడు' (1924) అను చిత్రములవలన గొప్పపేరు పొందెను. జర్మనీలో ఆయన తీసిన కడపటి చిత్రము 'ఫౌస్టు'. పిమ్మట అమెరికాకు పోయి, 1931 మార్చిలో కాలిఫోర్నియాలో మోటారు ప్రమాదమువలన నలుబది రెండేండ్లకే మరణించెను.

ఫౌస్టుగా యోస్టా ఎక్మాన్ అను స్వీడను నటుడును, మెఫిస్టో అను సాతానుదూతగా ఎమిల్ యానింగ్సును, గ్రెట్‌షెన్ అను కన్యగా కమిలా హార్ననునామెయు నటించిరి. ఎక్మాన్ అప్పటికి నలుబది నిండనివాడు. అయినను తెల్లని గడ్డముతో వంగిన వృద్ధుడుగాను, చెంపలు మెరయు యువకుడుగాను ఆయనయే కనబడును. ఇరువురును ఒక్కరే యని మీలో చాలమంది నమ్మలేదు.

ఛాయాగ్రాహకుడు కార్ల్ హోఫ్‌మన్. పట్టణములను, పర్వతములను, నదులను నిజమైన స్థలములలోగాక చిత్రశాలలోనే బొమ్మలవలె నిర్మించిరి. మెఫిస్టో తన అంగీపై ఫౌస్టును కూర్చుండబెట్టుకొని ఆకాశమున ఎగిరిపోవు దృశ్యమునకై పెద్ద బొమ్మదేశము నొకదానిని కట్టి, దానిమీదుగా పట్టాలపై కెమేరాను నడపిరి. నేడు యంత్రములవలన ఇట్టివి సుళువుగా చేయుచున్నారు. అప్పుడు కఱ్ఱ, సున్నము, పొగ, వెలుతురు – ఇవియే వారి సాధనములు. ఈ చిత్రమున స్థలమును ఏర్పరచిన విధానమును గూర్చియే ఫ్రెంచి దర్శకుడు ఎరిక్ రోమేర్ ఒక పరిశోధనగ్రంథము వ్రాసి 1977లో ప్రకటించెను. సినిమా కాలక్షేపమునకు మాత్రమే యని యెంచువారు దీనిని గమనింపవలెను.

3. పందెము

కథ ఆకాశమున మొదలగును. మేఘముల నడుమ యుద్ధము, తెగులు, కరవు అనునవి గుఱ్ఱములపై స్వారీ చేయును. వెలుగుతో నిండిన ప్రధానదూత మెఫిస్టో నెదిరించి, భూమి నీది కాదని చెప్పును. ఫౌస్టు అను జ్ఞానియొక్క ఆత్మనుండి దైవాంశమును నశింపజేసినయెడల భూమి తనదగునా యని మెఫిస్టో అడుగును. పందెము కుదురును.

ఇది వినగానే మీకు యోబు గ్రంథము జ్ఞప్తికి వచ్చియుండును. మన దేశపువారికి హరిశ్చంద్రుని కథయు స్ఫురించును. అక్కడ ఇంద్రసభలో ఋషుల నడుమ పందెము. ఇక్కడ దూతల నడుమ పందెము. మన దేశమున 1913లో ఫాల్కే తీసిన మూగచిత్రము 'రాజా హరిశ్చంద్ర' ఆ కథయే గదా. అయితే ఒక భేదము కలదు. దానిని గుర్తింపనియెడల 'ఫౌస్టు' మనకు అర్థము కాదు. యోబు సర్వమును పోగొట్టుకొనియు దేవుని దూషింపలేదు. హరిశ్చంద్రుడు కాటికాపరియై యుండియు అసత్యమాడలేదు. వారు నిలిచినవారు. ఫౌస్టో, సంతకము చేసెను, పడిపోయెను. నిలిచినవారి కథలు మనకు ఆదర్శము నిచ్చును. పడినవాడు ఏమి చేయవలెనో అవి చెప్పవు. ఈ చిత్రము చెప్పునది అదియే.

4. మంచికోరికతో పడుట

మెఫిస్టో కొండవలె పెరిగి, నల్లని రెక్కలవంటి అంగీని చిన్న పట్టణముమీద పఱచును. ఆ అంగీక్రిందనుండి నల్లనిపొగ వీధులలోనికి దిగును. అది తెగులు. ఈ దృశ్యమునకై యానింగ్సు బొమ్మపట్టణముమీద నిలిచియుండగా పెద్దపంకాలతో గాలి విసరుచు మసిని ఊదిరట. సంతలో ఆటపాటలు సాగుచుండగానే మనుష్యులు కూలుదురు. శవములను బండ్లపై మోయుదురు.

ఒక చిన్నది ఫౌస్టు కాళ్లపైబడి తన తల్లిని బ్రదికింపుమని ఏడ్చును. ఆయన పరుగెత్తి పోయి, మందిచ్చి, ప్రార్థించును. తల్లి చనిపోవును. ఆయన ఇంటికి వచ్చి, జీవితకాలమంతయు చదివిన పుస్తకములను ఒకటొకటిగా మంటలో వేయును. మండుచున్న ఒక పుస్తకపు పుట తనంతట తెరచుకొని, చీకటిరాజును పిలుచు విధమును చూపును. ఫౌస్టు రాత్రివేళ నాలుగుదారులు కలియుచోటికి పోయి పిలుచును.

ఆయన ధనముకొఱకు పిలువలేదు. సుఖముకొఱకు పిలువలేదు. రోగులను స్వస్థపరచుటకే పిలిచెను. ఇది చాల లోతైన విషయము. దుష్టత్వము దుష్టులను మాత్రమే పట్టుననుకొనుట మన మందమతి. దయగలవాని దయయందే అది ద్వారము వెదకును.

మెఫిస్టో అడిగిన దెంత? ఒక్క దినము. గడియారములోని ఇసుక జారిపోవు కాలము. "పరీక్షగా ఒక్కదినము చూడుము, నచ్చనియెడల మానుకొనుము" అన్నట్లు చెప్పును. ఫౌస్టు తన రక్తముతో వ్రాసియిచ్చును. పరీక్షహాలులో ప్రక్కవాని కాగితమును ఈ ఒక్కసారికి చూచెదనని మీలో ఎవరైన ఎప్పుడైన అనుకొనినయెడల, ఆ ఇసుకగడియారమును మీరును చూచియే యున్నారు.

మొదట పని నెరవేరును. రోగులు లేతురు, జనులు ఆయనను దేవునివలె కొలుతురు. అంతట సిలువను చేతబట్టుకొనిన ఒక రోగిని తెత్తురు. ఆయన ఆమెను సమీపింపలేక వెనుకకు తగ్గును. జనులు కనిపెట్టి రాళ్లు రువ్వుదురు. ఏ జనులకు మేలు చేయగోరి ఆత్మనమ్ముకొనెనో ఆ జనులే రాళ్లు రువ్విరి. మేలుచేయు శక్తి ఆయనయొద్ద నున్నది. మేలుచేయు యోగ్యత పోయినది. ఈ రెంటికిని గల భేదమును ఇంతకంటె తేటగా చూపుట కష్టము.

తరువాత ఆయన విషము త్రాగబోవును. విషపాత్రలో మెఫిస్టో ఆయనకు తన యౌవనముఖమునే చూపును. ఇక స్వస్థత లేదు, రోగులు లేరు, యౌవనమే కావలెను. ఇసుక అయిపోవు సమయమునకు ఫౌస్టు పార్మా డచెస్సు చెంత సుఖములో మునిగియుండును. దినము తీరినదని మెఫిస్టో జ్ఞాపకము చేయగా, ఆ సుఖమును విడువలేక శాశ్వతముగా ఒప్పుకొనును. ఒక దినము ఎల్లకాలమైనది.

5. దుష్టునికి మూడు వేషములు

మెఫిస్టోయొక్క రూపములను వరుసగా గుర్తుంచుకొనుడు. మొదట ఆకాశమును కప్పు రాక్షసి. తరువాత నాలుగుదారులచోట రాతిమీద కూర్చుండి టోపీ తీసి వినయముగా వందనము చేయు ముదుసలి పల్లెటూరివాడు. ఫౌస్టు భయపడి ఎటు పరుగెత్తినను అక్కడ ముందుగానే కూర్చుండి మరల టోపీ తీయును. కడపట పట్టుబట్టలు, ఈకటోపీ, నడుమున కత్తిగల విలాసపురుషుడు. దూరమున నున్నప్పుడు దుష్టత్వము భయంకరము. దగ్గరకు వచ్చినకొలది చిన్నదై, మర్యాదగలదై, నవ్వించునదై పోవుచున్నది.

చిత్రపు నడిమిభాగమున మెఫిస్టో గ్రెట్‌షెన్‌యొక్క పినతల్లివంటి మార్తా అను స్త్రీతో చేయు సరసము హాస్యముగా నుండును. ఆ భాగము కొంచెము సాగదీయబడినదని మా అభిప్రాయము. అయితే మీరందరు నవ్వినది అక్కడనే. ఆ నవ్వులయందే ప్రక్కతోటలో ఒక అమాయకురాలి నాశనము సిద్ధమగుచుండెను. అది మనకు తెలియలేదు. దర్శకుడు మనచేత నవ్వించి మనలను గూడ పట్టుకొనెను.

ఇక్కడ చరిత్రలోని ఒక మాట చెప్పక తప్పదు. యానింగ్సు గొప్ప నటుడు. అమెరికావారి అకాడమీ బహుమానము మొదటిసారి 1929లో ఇచ్చినప్పుడు ఉత్తమనటుడుగా దానిని పొందినవాడు. 1933లో జర్మనీలో నాజీలు అధికారమునకు రాగా, ఆయన తన విద్యను ఆ ప్రభుత్వపు ప్రచారచిత్రములకు వినియోగించెను. యుద్ధానంతరము మరల నటించుటకు ఆయనకు అవకాశము కలుగలేదు. సాతాను వేషమును అంత చక్కగా గ్రహించి ఆడినవాడు తన యింటి వాకిట టోపీ తీసి నిలిచినవానిని గుర్తుపట్టలేకపోయెను. ఇతరులను నిందించుటకై దీనిని చెప్పలేదు. పాఠము తెలిసియుండుట వేరు, పాఠము కాపాడుట వేరు అని ఉపాధ్యాయులమగు మాకును హెచ్చరికగా చెప్పుచున్నాము.

6. మూయబడిన తలుపులు

సుఖములతో విసిగిన ఫౌస్టు స్వగ్రామమునకు పోదమనును. అది ఈస్టరు పండుగ. గంటలు మ్రోగుచుండ గ్రెట్‌షెన్ దేవాలయమునకు పోవును. ఫౌస్టు ఆమెను ప్రేమించును. మెఫిస్టో ఆమె పెట్టెలో బంగారు గొలుసు నుంచును. ఒకరాత్రి ఫౌస్టు ఆమె గదికి వచ్చును. మెఫిస్టో గాలి విసరి తల్లిని మేల్కొలుపగా, ఆమె చూచి గుండె పగిలి చనిపోవును. పానశాలలోనున్న అన్న వాలెంటీనును మెఫిస్టోయే ఇంటికి పంపును. కత్తియుద్ధము జరుగుచుండగా వెనుకనుండి పొడిచి, "హత్య, హత్య" అని తానే కేకలువేయుచు వీధులలో పరుగెత్తును. అన్న చనిపోవుచు చెల్లెలిని అందరియెదుట దూషించును. ఆమెను శిక్షామ్రానికి కట్టి నిలుపుదురు.

చలికాలము వచ్చును. బిడ్డను చంకనిడుకొని ఆమె మంచులో ఇల్లిల్లు తిరుగును. ఒక్క తలుపును తెరువబడదు. కిటికీలలో దీపములు వెలుగుచుండును. లోపల వెచ్చదనము గలదు. చలికి మతిచెడి, మంచులో ఒక ఊయెల కనబడినట్లు భ్రమపడి, బిడ్డను దానిలో పరుండబెట్టి జోకొట్టును. ఊయెల లేదు; మంచే యున్నది. బిడ్డ చనిపోవును. బిడ్డను చంపెనని ఆమెకు కాల్చివేయు శిక్ష విధింతురు.

బిడ్డను చంపినదెవరు? మెఫిస్టో యని మీలో చాలమంది వ్రాసిరి. ఫౌస్టు అని కొందరు వ్రాసిరి. ఈ రెండును తప్పుకావు. అయితే చిత్రమును మరల చూడుడు. ఆ రాత్రి మంచులో మెఫిస్టో ఎక్కడను కనబడడు. అతనికి అక్కడ పనిలేదు. గడియపెట్టిన తలుపులే అతని పని చేసినవి. తాము నీతిమంతులమని నమ్మి నిద్రించిన గృహస్థులు ఎవరితోను ఒడంబడిక వ్రాయలేదు; రక్తముతో సంతకము చేయలేదు. అయినను ఫలము ఒక్కటే.

ఈ దృశ్యము చూచినప్పుడు మాకు నిద్రపట్టలేదు. కారణమును మీతో చెప్పవలసియున్నది.

7. మా ఒప్పుకోలు

మేము ఉపాధ్యాయశిక్షణ ముగించి పనిలో చేరిన తొలి సంవత్సరములలో, మా తరగతిలో ఒకరి ఫీజు సొమ్ము కనబడకపోయెను. వసతిగృహమున నుండు ఒక పేదబాలునిపై అనుమానము కలిగెను. రుజువేమియు లేదు. అయినను ఆతనిని తరగతియెదుట నిలువబెట్టి జేబులు వెదకించితిమి. ఏమియు దొరకలేదు. అయినను ఆ దినమునుండి ఆతని ప్రక్క బల్లపై ఎవరును కూర్చుండలేదు. మేము చూచియు చూడనట్లుంటిమి.

మూడవదినమున ఆ సొమ్ము మా హాజరుపట్టీ అట్టలోపలనే, మేమే దాచి మఱచిన కాగితపుపొట్లములో, మా చేతికే దొరికెను. ఆ బాలుని వరండాలోనికి పిలిచి, "సొమ్ము దొరికినది, నీతప్పేమియు లేదు" అని మెల్లగా చెప్పితిమి. తరగతిలో మాత్రము చెప్పలేదు. ఉపాధ్యాయుని గౌరవము పోవునని తలచితిమి. ఈ ఒక్కసారికే యనుకొంటిమి. ఆ సంవత్సరము చివర ఆతడు బడి మానివేసెను.

ఈ చిత్రమును చూచిన పిమ్మట ఆతని ఊరు కనుగొని పోయితిమి. ఇప్పుడాతడు ఇద్దరు పిల్లల తండ్రి. మమ్ము గుర్తించి, అరుగుమీద చాపవేసి, మజ్జిగ తెచ్చి యిచ్చెను. మేము క్షమాపణ అడిగితిమి. ఆతడు చాలసేపు ఊరకుండి, "పదిమందిలో నిలబెట్టారు గదా మాస్టారూ. ఆ మాట కూడా పదిమందిలోనే చెప్పివుంటే బాగుండేది" అనెను. కోపము లేదు. దుఃఖము మాత్రము ఇంకను ఉన్నది.

ఆనాటి తరగతివారిలో పలువురు నేడు పూర్వవిద్యార్థులుగా ఈ పత్రికను తెప్పించుకొని చదువుచున్నారు. వారియెదుట ఇప్పుడు చెప్పుచున్నాము: మీ సహాధ్యాయి నిర్దోషి. దోషము మాది.

8. ఒక్క మాట

మరల కథకు వత్తము. గ్రెట్‌షెన్ కేక వేయగా, ఆమె ముఖము కొండలమీదుగా, అడవులమీదుగా ఎగిరిపోయి ఫౌస్టును చేరును. మూగచిత్రమున కేకను వినిపించుట ఎట్లు? ముర్నౌ కేకను కనిపింపజేసెను.

ఫౌస్టు పరుగున వచ్చును, ఆలస్యమైపోయినది. తనకు యౌవనమే లేకపోయిన బాగుండెడిదని దానిని శపించును. మెఫిస్టో అద్దమును పగులగొట్టగా ఆయన తిరిగి ముసలివాడగును. గమనింపుడు: శపించుటవలన గ్రెట్‌షెన్ కట్లు తెగలేదు. "అట్లు చేయకుండిన బాగుండును" అను మాట పశ్చాత్తాపమునకు ఆరంభమేగాని పశ్చాత్తాపము కాదు. అందఱియెదుట, జనసమూహమును త్రోసికొని, ఆ ముసలివాడు మండుచున్న కట్టెలమీదికి ఎక్కును. ఆమెయెదుట మోకరించును. ఆమె ముడుతలుపడిన ముఖములో తాను ప్రేమించినవానిని గుర్తించును. ఇరువురిని మంట కప్పును.

మెఫిస్టో పందెపు ఫలమును కోరగా, ప్రధానదూత నీ ఒడంబడికను ఒక్కమాట రద్దుచేసినదని చెప్పును. ఆ మాట జర్మను భాషలో అక్షరములుగా తెరపై వెలుగును. మన భాషలో దాని యర్థము 'ప్రేమ'.

ఇప్పుడు చిన్నవాని ప్రశ్నకు సమాధానము. ఫౌస్టు చేసినదానివలన ఏమియు సరిదిద్దబడలేదు. బిడ్డ తిరిగిరాలేదు; తల్లియు, అన్నయు లేవలేదు; గ్రెట్‌షెన్ సహితము బ్రదుకలేదు. క్షమ యనగా జరిగినది జరుగలేదనుట కాదు. అట్లని చిత్రము నటించనూ లేదు. అందువలననే దాని ముగింపును మేము నమ్ముచున్నాము. కాగా, మంటలో దూకుటవలన ఫౌస్టు తన రక్షణను వెలయిచ్చి కొనెనని కొందరు తలపవచ్చును. అట్లయిన అది రెండవ బేరమగును. బేరమాడుట మెఫిస్టో నేర్పిన విద్య. ఆయన అక్కడికి పోయినది ఫలమాశించి కాదు. తనవలన ఒంటరియైనదానిని ఒంటరిగా విడువకుండుటకే. మన సంఘములలో మనము కృప అని చెప్పునది, ఆ చిత్రము ప్రేమ అని చెప్పునది పూర్తిగా ఒకటియే యని మేము వాదింపము. అది మీ బోధకులతో విచారింపదగిన విషయము. ఒకటిమాత్రము నిశ్చయము: రెండింటిలోను లెక్కలు వ్రాయు పుస్తకము మూయబడుచున్నది.

వెలుగు చీకట్లను గూర్చి ఒకమాట. ఈ చిత్రమున వెలుగెల్ల మంచిది, చీకటియెల్ల చెడ్డది అని యెంచకుడు. మంచు అన్నిటికంటె తెల్లనిది. అదియే బిడ్డను చంపెను. కిటికీదీపములు అందమైనవి, వానివెనుక తలుపులు మూయబడియుండెను. మంట భయంకరమైనది, దానియందే ఇరువురు కలిసికొనిరి. ఏది వెలుగో తెలిసికొనుటకు కన్నులు చాలవని ముర్నౌ కన్నులకే నేర్పెను.

9. అభ్యాసము

క్రింది ప్రశ్నలకు మీ మాటలలో సమాధానములు వ్రాయుడు. గురుతులు వేయము, చదివి మీకే తిరిగి యిత్తుము.

(1) ఫౌస్టు చేసిన మొదటి తప్పు ఏది? పుస్తకములను కాల్చుటయా, పిలుచుటయా, ఒక్కదినమునకు ఒప్పుకొనుటయా? కారణము చెప్పుడు.

(2) యోబు, హరిశ్చంద్రుడు, ఫౌస్టు – ఈ మువ్వురి పరీక్షలలోని పోలికలను, భేదములను వివరింపుడు.

(3) మెఫిస్టో మొదటి రూపముతోనే ఫౌస్టు కడకు వచ్చియుండిన ఏమి జరిగియుండును?

(4) మంచురాత్రి ఆ పట్టణమున మీరు ఒక యింటి యజమానిగా నుండినయెడల, తలుపు తీయకుండుటకు మీకు ఏ మంచి కారణములు తోచియుండును? నిజాయితీగా వ్రాయుడు.

(5) మీరు పదిమందిలో చేసి, ఒంటరిగా మాత్రమే ఒప్పుకొనిన తప్పేదైన కలదా? ఇది మాకు చూపనక్కరలేదు.

అయిదవ ప్రశ్నకు మా సమాధానమును పైన వ్రాసియున్నాము. ఈ సంచిక అచ్చయిన వెంటనే, దీని ప్రతినొకదానిని మేమే స్వయముగా ఆ ఊరికి తీసికొనిపోయి ఆతని చేతికి ఇచ్చెదము. చదువవలయునని అడుగము. మజ్జిగ త్రాగి వచ్చెదము.